విశాఖ తీరాన హరిశ్చంద్రుడి కొడుకు

దువ్వాడ స్టేషను దాటిందంటే చాలు, నా ఉద్యోగమూ, నా డిగ్రీ, నా నలభై అయిదేళ్ళ వయస్సూ రైల్లోనే ఎక్కడో జారిపోతాయి. రాజమహేంద్రవరంలో రత్నాచల్ ఎక్కేటప్పుడు నేను కాలేజీలో తెలుగు చెప్పే లెక్చరర్ని. తుని దాకా జవాబు పత్రాలు దిద్దుకుంటూ కూర్చుంటాను. అనకాపల్లి వచ్చేసరికి కాగితాలు సంచిలో పెట్టేస్తాను. విశాఖపట్నంలో ప్లాటుఫారం మీద కాలు పెట్టేసరికి నేను మళ్ళీ మా నాన్నగారి కొడుకుని మాత్రమే.

"మాత్రమే" అన్నానని పాఠకులు అపార్థం చేసుకోవద్దు. మా నాన్నగారు సామాన్యులు కారు. ఇటు అనకాపల్లి మొదలు అటు ఇచ్ఛాపురం దాకా ఒకప్పుడు ఆయన్ని ఎరగని పందిరి లేదు. పగలు పోర్టులో గుమాస్తా. రాత్రి అయోధ్యకు ప్రభువు. అదైనా ఎంతసేపు? తెల్లవారుజామున మూడు గంటలకు ఆ రాజ్యం పోయి, చేతిలో కర్రతో కాటికాపరి అయ్యేవారు. ఆ వేషంలోనే ఆయనకు పేరు వచ్చింది.

ఈ ఆగస్టు సెలవులకు నా వెంట మా అబ్బాయి కూడా వచ్చాడు. తొమ్మిదో తరగతి చదువుతున్నాడు. దారి పొడుగునా సెల్‌ఫోనులో ఏదో చూస్తూ కూర్చున్నవాడు హఠాత్తుగా తలెత్తి, "నాన్నా, పెద్ద హీరోకి కొడుకుగా పుడితే ఎంత బావుండును! ఏమీ చెయ్యకుండానే పేరు వచ్చేస్తుంది" అన్నాడు.

నేను వెంటనే జవాబు చెప్పలేకపోయాను. తెలుగు మేష్టారికి మాటలు దొరకని సందర్భాలు అరుదుగానైనా ఉంటాయి. కిటికీలోంచి దూరాన ఉక్కు కర్మాగారం పొగగొట్టాలు కనిపిస్తున్నాయి. వాటిని చూపించి మాట మార్చాను.

"విశాఖ ఉక్కు - ఆంధ్రుల హక్కు" అని 1966లో ఊళ్ళకు ఊళ్ళు లేచాయి. ఆ ఉద్యమంలో ప్రాణాలు పోయాయి. 1971 జనవరి 20న ఇందిరాగాంధీ శంకుస్థాపన చేశారు. దేశంలో సముద్రతీరాన వెలసిన మొదటి సమగ్ర ఉక్కు కర్మాగారం అది. 1992 ఆగస్టు 1న అప్పటి ప్రధాని పి.వి. నరసింహారావుగారు దాన్ని జాతికి అంకితం చేశారు. అంటే ఈ ఊరు ఆ బిడ్డ కోసం ఇరవై ఆరేళ్ళు ఎదురు చూసిందన్నమాట. నాకప్పుడు పన్నెండేళ్ళు. ఊరంతా తోరణాలే. మన ఇంట్లో శుభకార్యం జరుగుతున్నట్టు పెద్దలు ఒకరినొకరు పలకరించుకోవడం నాకు బాగా జ్ఞాపకం.

ఆ ఆగస్టు నెల నాకు మరొక కారణం వల్ల కూడా జ్ఞాపకం. అది తరువాత చెబుతాను.

✱

మా ఇల్లు వన్‌టౌనులో, కురుపాం మార్కెట్టుకు దగ్గర్లో ఉంది. విశాఖ చూడ వచ్చేవాళ్ళు నేరుగా బీచికి పోతారు గాని, అసలు పట్నం ఇక్కడుంది. సన్నని సందులు, పాత మేడలు, ఎండు చేపల వాసన, నడుమ నడుమ గాలిలో తేలివచ్చే ఓడకూత. మేడమీదికెక్కితే రేవు ముఖద్వారం దగ్గర మూడు గుట్టలు కనిపిస్తాయి. ఒకదాని మీద వేంకటేశ్వరస్వామి, ఒకదాని మీద మేరీమాత చర్చి, మరొకదాని మీద దర్గా. ఎదురుగా సముద్రంలోకి ముక్కు చాచిన డాల్ఫిన్స్ నోస్ కొండ. ఆ కొండ చాటున 1933లో రేవు తెరిచారు. ఆ పక్కనే సింధియా వారి నౌకా నిర్మాణశాలలో కట్టిన 'జల ఉష' అనే ఓడను 1948లో నెహ్రూగారు వచ్చి నీళ్ళలోకి దింపారు. మా చిన్నతనంలో ఓడకూతే మాకు గడియారం.

మేము వెళ్ళేసరికి నాన్నగారు వీధి అరుగు మీద పడకకుర్చీలో ఉన్నారు. డెబ్భై ఆరేళ్ళు. గొంతు తగ్గలేదు.

"ఏట్రా, రైలు ఆలీసమా?" అన్నారు. ఆ మాట వీధి చివరిదాకా వినిపించింది. మైకులు సరిగ్గా పనిచెయ్యని కాలంలో పెరిగిన గొంతు అది.

పద్యనాటకం ఎరగని నేటి పిల్లల కోసం ఒక్క మాట చెప్పాలి. బలిజేపల్లి లక్ష్మీకాంతంగారి 'సత్యహరిశ్చంద్రీయం' తెలుగువాళ్ళు రాత్రంతా మేలుకుని చూసిన నాటకం. దాన్ని ఒకే నటుడు మొదటినుంచి చివరిదాకా ఆడాలని నియమం లేదు. ఒకే రాత్రి ఇద్దరు, ముగ్గురు హరిశ్చంద్రులు వచ్చేవారు. వారణాసి సీనుకు ఒకరు, కాటి సీనుకు మరొకరు. డి.వి. సుబ్బారావు, చీమకుర్తి నాగేశ్వరరావు వంటి మహానటుల పేరు చెబితే ఆంధ్రదేశమంతా బండ్లు కట్టుకుని వచ్చేది. వారి ఎత్తు వేరు. మా నాన్నగారిది మా మూడు జిల్లాల కీర్తి. కాంట్రాక్టరు కరపత్రంలో ఆయన పేరు పక్కన "కాటిసీను" అని వేసేవాడు. ఆ సీనులో నటులు జాషువాగారి శ్మశానం పద్యాలు కూడా కలుపుకుని పాడటం ఆనవాయితీ. కవి నాటకం కోసం రాయని పద్యాలు జనం అభిమానం వల్ల నాటకంలో భాగమైపోయాయి. హార్మోనియం శ్రుతి అందుకోగానే పందిట్లో చుట్టలు ఆరిపోయేవి. పద్యం అయ్యాక "వన్స్‌మోర్" అని కేకలు. ఒకే పద్యం మూడేసిసార్లు పాడిన రాత్రులున్నాయి.

ఇటువంటి ఆయన కొడుకుగా పెరగడం ఎలా ఉంటుందంటారా? చెబుతాను.

మిఠాయి కొట్లో అర్ధరూపాయికి ఇచ్చే ఖాజాల మీద మరొకటి వేసి, "హరిశ్చంద్రుడి కొడుకు కదా!" అనేవారు. అది లాభం. బడిలో పాఠం అప్పజెప్పలేక కడుపు నొప్పి అంటే, ఒక మేష్టారు బెత్తం పక్కన పెట్టి, తరగతి అంతా వినేటట్టు, "హరిశ్చంద్రుడి కొడుకువై ఉండి అబద్ధమాడతావురా!" అనేవారు. అది నష్టం. బెత్తమే నయమనిపించేది. లోకంలో పిల్లలందరికీ అప్పుడప్పుడు ఒక చిన్న అబద్ధం ఆడుకునే వెసులుబాటు ఉంటుంది. నాకు అది పుట్టుకతోనే పోయింది.

పొద్దున్న నేను బడికి వెళ్ళేటప్పుడు నాన్నగారు ముఖాన అర్దళం పూర్తిగా పోకుండానే నిద్రపోతూ ఉండేవారు. సాయంత్రం నేను వచ్చేసరికి ఆఫీసునుంచి అటే నాటకానికి పోయేవారు. ఆయన్ని నేను ఇంట్లోకంటే పందిట్లో ఎక్కువ చూశాను. అదీ అందరితోపాటు కూర్చుని! మా అమ్మ నన్ను ఆయన దగ్గరికి పంపే ఉపాయం ఒకటి కనిపెట్టింది. ఆరో ఏట నన్ను లోహితాస్యుణ్ణి చేసింది.

లోహితుడి వేషం తేలిక. మొదట తల్లి చెయ్యి పట్టుకుని నడవాలి. తరువాత పాము కరిచి పడిపోవాలి. ఆఖర్ని కాటిసీనులో చచ్చినట్టు పడి ఉండాలి. తండ్రి నా మీద పడి ఏడుస్తాడు. చివరకు దేవతలు దిగివచ్చి లేవమనగానే లేవాలి. నాలుగేళ్ళపాటు నేను విజయనగరంలో చచ్చాను, బొబ్బిలిలో చచ్చాను, చోడవరంలో, నర్సీపట్నంలో చచ్చాను. మా నాన్నగారు నన్ను ఒళ్ళో పెట్టుకున్నది ఎక్కువగా ఆ సీనులోనే. ఏమాటకామాటే చెప్పుకోవాలి, ఆ కాసేపటికోసం నేను ఎన్నిసార్లయినా చచ్చిపోవడానికి సిద్ధంగా ఉండేవాణ్ణి.

పదేళ్ళు దాటాక కాళ్ళు పొడుగయ్యాయి. వేషం మరొక కుర్రాడికి పోయింది.

✱

మర్నాడు సాయంత్రం ముగ్గురం బీచికి బయలుదేరాము. వీధి మలుపులో ఆటో ఆపాను. డ్రైవరు అరవై దాటినవాడు. నాన్నగారి మొహంలోకి ఒకసారి చూసి, ఆటో దిగి నమస్కారం పెట్టాడు.

"కాటిసీను బావు కదండీ! మా ఊళ్ళో తమరి నాటకానికి మా అయ్య భుజం మీద కూకుని సూశానండి. ఈ బావు ఎవులండి?"

"మా పెద్దాడు."

"లోహితుడు బావా!" అన్నాడు వాడు ఎంతో సంతోషంగా.

మా అబ్బాయి పగలబడి నవ్వాడు. ఎం.ఏ. చేసి, పాతికేళ్ళుగా పాఠాలు చెబుతూ, జుట్టు నెరిసిన నేను ఈ ఊళ్ళో ఇప్పటికీ పాము కరిచి పడిపోయిన కుర్రవాణ్ణే!

పూర్ణా మార్కెట్టు మీదుగా జగదాంబ కూడలి చేరాము. ఒక సినిమా హాలు పేరు నాలుగు రోడ్ల కూడలికి స్థిరపడిపోయిందంటే, ఈ ఊరికి సినిమా ఎంత ఇష్టమో వేరే చెప్పనక్కరలేదు. సినిమాకు కూడా ఈ ఊరంటే ఇష్టమే. 1978లో బాలచందర్ 'మరో చరిత్ర' ఇక్కడి అలల పక్కనే నడిచింది. ఆ తరువాత షూటింగు లేని కాలం లేదు. మా చిన్నతనంలో బడి ఎగ్గొట్టి షూటింగులు చూడటం ఒక విద్య. నేను మాత్రం పట్టుబడితే అబద్ధమాడటానికి వీల్లేదు కనుక సెలవురోజుల్లోనే వెళ్ళేవాణ్ణి.

ఆటోలో మా అబ్బాయి రైల్లో అడిగిన మాటే తాతగారి దగ్గర మళ్ళీ ఎత్తాడు. నాన్నగారు నా వంక చూశారు. మేష్టారివి కదా, చెప్పు అన్నట్టు. నాకు తెలిసింది చెప్పాను.

పెద్ద నటుల పిల్లలకు గడప దాటడం సులభమే. కాదనలేము. రామారావుగారు 1974లో 'తాతమ్మ కల'తో బాలకృష్ణను తెరకు పరిచయం చేశారు. 1977లో 'దానవీరశూరకర్ణ'లో తాను మూడు పాత్రలు వేసి, హరికృష్ణను అర్జునుణ్ణీ, బాలకృష్ణను అభిమన్యుణ్ణీ చేశారు. మహేష్‌బాబు 1979లో 'నీడ' చిత్రంలో కనిపించేనాటికి పట్టుమని అయిదేళ్ళు లేవు. నాగార్జున పసివాడుగా తండ్రి సినిమాల్లో కనిపించినా, కథానాయకుడుగా వచ్చింది 1986లో 'విక్రమ్'తో. ఉత్తరాదిన 1951లో రాజ్‌కపూర్ తీసిన 'ఆవారా'లో తండ్రి పృథ్వీరాజ్ కపూర్ తెరమీద కూడా తండ్రే. రాజ్‌కపూర్ తాతగారు సైతం అందులో న్యాయాధిపతిగా కాసేపు కనిపిస్తారు. మూడు తరాలు ఒకే సినిమాలో!

"చూశావా, నే చెప్పలేదూ!" అన్నాడు మా వాడు.

"గడప దాటించడం వరకే నాయనా," అన్నాను. "ఆ తరువాత టిక్కెట్టు కొనేవాడు ఎవరి కొడుకని అడగడు. అడిగినా, తండ్రిలా ఉన్నాడా లేడా అని తూచడానికే అడుగుతాడు. మా ఊరి సంగతే చూడు. రామారావుగారి కుమార్తె పురందేశ్వరిగారు 2009లో విశాఖపట్నం నుంచి పార్లమెంటుకు ఎన్నికయ్యారు. అదీ తండ్రిగారు 1982లో పెట్టిన పార్టీ తరఫున కాదు, కాంగ్రెసు తరఫున. తండ్రి పేరు ఆవిడతోపాటు ప్రతి సభకూ వచ్చే ఉంటుంది. కాని దారి ఆవిడ ఎంచుకున్నదే."

నాన్నగారు అంతవరకూ ఏమీ మాట్లాడలేదు. ఆటో రామకృష్ణా బీచి దగ్గర మలుపు తిరిగింది. ఇసుకలో నిలబెట్టిన 'కురుసుర' జలాంతర్గామి కనిపించింది. నౌకాదళంలో కొలువు చాలించి 2002 నుంచి ఒడ్డున మ్యూజియంగా ఉంటోంది. లోపల మనుష్యులు ఎంత ఇరుకులో బతికేవారో చూసి వచ్చినవాళ్ళకు సొంత ఇల్లు రాజభవనంలా కనిపిస్తుంది. మా అబ్బాయికి అక్కడ దిగాలని ఉంది. నాన్నగారు వద్దన్నారు.

"తెన్నేటి పార్కు దగ్గరికి పోనీయి," అన్నారు డ్రైవరుతో. "ఈరోజు అటు చూడాలి."

ఈరోజు ఏ తేదీయో అప్పుడు గుర్తుకొచ్చింది నాకు. ఆగస్టు 12.

✱

లాసన్స్‌ బే కాలనీ, జాలరిపేటల మీదుగా పోతే కైలాసగిరి కొండ పాదాల దగ్గర తెన్నేటి పార్కు వస్తుంది. తెన్నేటి విశ్వనాథంగారి పేరు మీద ఉన్నది అది. రామకృష్ణా బీచిలో ఇసుక ఎక్కువ, జనం ఎక్కువ. ఇక్కడ రాళ్ళు ఎక్కువ. కెరటం ఇసుక మీదికి వస్తే తివాచీ పరిచినట్టు వస్తుంది. రాళ్ళ మీదికి వస్తే లేచి నిలబడుతుంది. చూడటానికి ఎంతో అందం. అందుకే కెమెరాలు ఇటువంటి చోట్లనే వెతుక్కుంటాయి. కాని జాలరివాళ్ళు పిల్లల్ని ఇసుకలో ఆడుకోనిస్తారు గాని తడి రాళ్ళెక్కనివ్వరు.

మురీ మిక్చరు పొట్లాలు కొని, గట్టుమీద కూర్చున్నాము. అక్కడ మా అబ్బాయికి గొల్లపూడి మారుతీరావుగారి కథ చెప్పాను. కథ అన్నాను గాని, జరిగినదే.

మారుతీరావుగారు 1939లో విజయనగరంలో పుట్టారు. ఈ ఊళ్ళోనే ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణిత భౌతికశాస్త్రం చదివారు. కథలు, నాటకాలు, నవలలు రాశారు. కొన్నాళ్ళు పత్రికలో పనిచేసి, ఆకాశవాణిలో రెండు దశాబ్దాలున్నారు. 1964లో 'డాక్టర్ చక్రవర్తి' మొదలుకొని సినిమాలకు రచన చేశారు. నటుడైంది మాత్రం 1982లో, 'ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య' చిత్రంతో. అప్పటికి ఆయనకు నలభై మూడేళ్ళు. ఈ వయస్సులో కొత్త ఉద్యోగానికి దరఖాస్తు పెట్టడానికే నాకు చేతులు వణుకుతాయి. ఆయన ఒక్క సినిమాతో ఇంటింటి మనిషి అయిపోయారు. 'సంసారం ఒక చదరంగం'లో ఆయన తండ్రి వేషం చూసి ఎందరు కొడుకులు ఇంటికి వెళ్ళి తండ్రిని సరిగ్గా పలకరించారో లెక్కలేదు.

ఆయన ముగ్గురు కొడుకుల్లో చిన్నవాడు శ్రీనివాస్. తండ్రి ప్రఖ్యాత నటుడైనా తాను తెరమీదికి రాలేదు. కెమెరా వెనక నిలబడదలచాడు. దర్శకుడుగా మొదటి చిత్రం 'ప్రేమ పుస్తకం' మొదలుపెట్టాడు. ముఖానికి రంగు వేసుకుంటే తండ్రి పోలికలు వెతుకుతారు. కెమెరా వెనక ఉన్నవాణ్ణి పనిని బట్టే చూడాలి. కథానాయకుణ్ణి కూడా కొత్తవాణ్ణే తీసుకున్నాడు. తరువాత తమిళదేశంలో అంత పేరు తెచ్చుకున్న అజిత్ కుమార్ ఆనాటి ఆ కుర్రవాడు.

విశాఖ సముద్రతీరాన షూటింగు. ఉక్కు కర్మాగారం పండుగ జరిగి పదకొండు రోజులే అయింది. 1992 ఆగస్టు 12. పని చేస్తూ ఉండగా ఒక కెరటం వచ్చి శ్రీనివాస్‌ను తీసుకుపోయింది.

మా అబ్బాయి చేతిలో పొట్లం అలాగే ఉండిపోయింది.

"మరి సినిమా?" అన్నాడు కాసేపటికి.

"వాళ్ళ నాన్నగారు పూర్తి చేశారు," అన్నాను. "1993లో విడుదలైంది."

కొడుకు మొదలుపెట్టిన షాట్ల పక్కన తన షాట్లు అతికించుకుంటూ, కొడుకు ఎంచుకున్న కుర్రవాడికి మాటలు చెబుతూ ఆ తండ్రి పని చేసి ఉంటారు. పుత్రశోకం మహానటులకు కొత్తది కాదు. రామారావుగారు 1962లో పెద్దకొడుకు రామకృష్ణను పోగొట్టుకున్నారు. హైదరాబాదు నాచారంలో ఆయన కట్టిన స్టూడియోకు ఆ అబ్బాయి పేరే పెట్టారు. మారుతీరావుగారు కొడుకు పేరున ఒక జాతీయ పురస్కారం పెట్టారు. భారతీయ భాషల్లో ఎవరైనా సరే, మొదటి చిత్రం తీసిన దర్శకుడికి ఆ పురస్కారం. మొదటి చిత్రానికే! శ్రీనివాస్‌కు దక్కింది అదొక్కటే కదా. ఏటా ఆగస్టు 12న మద్రాసులో సభ చేసి ఇచ్చేవారు. 'తారే జమీన్ పర్' తీసినందుకు ఆమిర్‌ఖాన్ కూడా అందుకున్నాడు. అతనూ సినిమా ఇంట పుట్టినవాడే. కాని అక్కడ చూసింది ఎవరి కొడుకని కాదు, ఏం తీశాడని.

తండ్రి పేరు నిలబెట్టాలని కొడుకులకు చెబుతాము. ఇక్కడ తండ్రే కొడుకు పేరు నిలబెట్టాడు. 2019 డిసెంబరు 12న తాను పోయేదాకా దాన్ని మోశాడు.

✱

నేను చెప్పడం అయ్యాక చాలాసేపు కెరటాల చప్పుడే. అప్పుడు నాన్నగారు నా వైపు తిరిగి, "ఆ ఏడు వినాయకచవితి పందిరి గుర్తుందా?" అన్నారు.

గుర్తులేకపోవడమేమిటి? లోహితుడి వేషం వెయ్యవలసిన కుర్రాడికి జ్వరం వచ్చింది. కాంట్రాక్టరు చేతులు పట్టుకున్నాడు. పన్నెండేళ్ళ పొడుగుకాళ్ళతో నేను మళ్ళీ చచ్చిపోయాను. చాప చాలక పాదాలు బయటికి వచ్చాయి. ముందు వరస పిల్లలు కిసుక్కుమన్నారు. నాన్నగారు వచ్చి నా తల ఒళ్ళోకి తీసుకున్నారు. నా మొహం మీద ఏదో వెచ్చగా పడింది. నాలుగేళ్ళు ఆ ఒళ్ళో చచ్చి పడుకున్నవాణ్ణి, ఆయన స్టేజి మీద ఏడుపు నాకు బాగా తెలుసు. అందులో గొంతు తడిసేది గాని కన్ను తడిసేది కాదు. ఆ రాత్రి కన్ను తడిసింది. పద్యం సగంలో గొంతు ఆగింది. జనం అదీ నటనే అనుకుని "వన్స్‌మోర్" అని పందిరి ఎగిరిపోయేటట్టు అరిచారు. ఆయన పాడలేదు. కాంట్రాక్టరు తెర పక్కనుంచి సైగలు చేసినా పాడలేదు.

ఆ తరువాత ఆయన ఎన్నడూ కాటిసీను ఒప్పుకోలేదు. అడిగితే, "వారణాసి సీను ఇస్తే చేస్తాను" అనేవారు. దానికి ఆయనకంటే ఘనంగా పాడేవారు చాలామంది ఉన్నారు. పిలుపులు తగ్గాయి. మూడు నాలుగేళ్ళలో ముఖానికి రంగు వెయ్యడమే మానేశారు. గొంతు పోయిందని ఊళ్ళో అన్నారు. నేనూ అదే అనుకున్నాను. హరిశ్చంద్రుడి కొడుకుగా ఉండటం నాకు ఇష్టమవుతున్న వయస్సులో ఆయన హరిశ్చంద్రుడు కాకుండా పోయారని లోలోపల కోపం కూడా పెట్టుకున్నాను. ముప్ఫై ఏళ్ళకు పైగా అడగలేదు.

ఆరోజు అడిగాను. "గొంతు బాగానే ఉంది కదా నాన్నా, ఎందుకు మానేశారు?"

ఆయన సముద్రం వంకే చూస్తూ అన్నారు.

"మన నాటకంలో లోహితుడు లేస్తాడురా. విశ్వామిత్రుడు వస్తాడు, దేవతలు వస్తారు, కొడుకు లేచి కూచుంటాడు. అది తెలిసి కాబట్టి నేను అంత బాగా ఏడిచేవాణ్ణి. ఇంటికొచ్చి నీ పక్కన పడుకునేవాణ్ణి. ఆ రోజు పేపర్లో ఈ సంగతి చదివాక మళ్ళీ నిన్ను ఒళ్ళో పెట్టుకుని పద్యం ఎత్తితే, ఆ తండ్రి మనసులో మెదిలాడు. ఆయన దగ్గరికి ఏ దేవతా రాలేదు. పిల్లడు లేవలేదు. అయినా మాట తప్పకుండా ఆ సినిమా పూర్తి చేశాడు. హరిశ్చంద్రుడంటే ఆయనరా. నేను వేషగాణ్ణి. వన్స్‌మోర్ అంటే మళ్ళీ ఏడవడం నావల్ల కాలేదు."

పెద్దవాళ్ళతో మనం ఒకే ఇంట్లో ఇన్నేళ్ళు ఉంటాము. ఒక్క ప్రశ్న అడగడానికి ఇంత కాలం పడుతుంది. నా కళ్ళజోడు తుడుచుకునే నెపం మీద తల దించుకున్నాను.

మా అబ్బాయి తాతగారి పక్కకు జరిగి కూర్చున్నాడు. హీరో కొడుకుగా పుట్టడం గురించి వాడు మళ్ళీ ఎత్తలేదు. "తాతా, నువ్వు నాన్నకి నాటకం ఎందుకు నేర్పలేదు?" అని మాత్రం అడిగాడు.

"వాడికి పాఠం చెప్పడం వచ్చు కదరా. అది నాకు రాదు," అన్నారాయన తేలిగ్గా. నాకు ఇంతకంటే పెద్ద బిరుదు ఎవరూ ఇవ్వలేదు.

చీకటి పడుతోంది. దూరాన ఓడల దీపాలు వరసగా వెలిగాయి. రేవులోకి పిలుపు కోసం లంగరు వేసుకుని కూర్చున్న ఓడలు. మా అబ్బాయి ఎప్పుడు దిగాడో చూడలేదు. గట్టు దిగి, రాళ్ళ మీదుగా నీటి అంచుకు పోతున్నాడు. చేతిలో సెల్‌ఫోను, ఫొటో తీసుకోవడానికి కాబోలు. నేను లేచి కేక వేశాను. కెరటాల హోరులో నా గొంతు నాకే వినిపించలేదు. తరగతి గదికి సరిపడే గొంతు నాది.

అప్పుడు నాన్నగారు లేచి నిలబడ్డారు. ఒక చెయ్యి గట్టు మీద ఆనించి, ఊపిరి తీసుకుని, మనవణ్ణి పేరు పెట్టి పిలిచారు. ముప్ఫై ఏళ్ళకు పైగా నేను వినని గొంతు అది. హార్మోనియం లేదు, తెర లేదు. పార్కులో ఉన్న జనమంతా వెనక్కి తిరిగి చూశారు. ఆటో దగ్గర నిలబడ్డ డ్రైవరు రెండు చేతులూ జోడించాడు.

వాడు విన్నాడు. అక్కడే ఆగి, వెనక్కి తిరిగి, గబగబా గట్టెక్కి వచ్చాడు. వాడు నిలబడబోయిన రాయి మీదికి మరుక్షణమే కెరటం ఒకటి లేచి, తెల్లగా విరిగి, జారిపోయింది.

నాన్నగారు ఏమీ అనలేదు. తడిసిన వాడి తలను కండువాతో తుడిచారు. తిరుగు దారిలో ఆటో డ్రైవరు అద్దంలోంచి చూసి, "ఈ సిన్నబావు పేరేటండి?" అని అడిగాడు.

కాటిసీను వారి మనవడని చెబుదామని నేను నోరు తెరిచాను. ఈలోగా మా అబ్బాయే తన పేరు చెప్పాడు.